గుంట చెయ్యా, గుంటడి చెయ్యా?

టెక్కలి: మా అమ్మమ్మ పాడేది, రెండు పాదాలే గుర్తున్నాయి.
"కొండ దారిన గుంట చెయ్యీ
జారిపోయెను రాత్రిలో"
ఆ తర్వాతేంటో ఎవరికైనా తెలుసా? వాళ్ళది రంగం (బర్మాలోని రంగూన్) కుటుంబం. 1941 డిసెంబరు 23న బాంబులు పడ్డాక ప్రోమ్ మీదుగా తాంగప్ కనుమ దాటి అక్యాబ్ దాకా నడిచారట, అమ్మమ్మకి అప్పటికి ఎనిమిదేళ్ళు, దారిలో తమ్ముడు తప్పిపోయాడు, మళ్ళీ దొరకలేదు.

బొబ్బిలి మాస్టారు: తర్వాతి పాదం సంగతి తర్వాత, ముందు ఇదే తప్పు. తప్పిపోయింది తమ్ముడైతే "గుంటడి చెయ్యి" అనుండాలి. మన వైపు గుంట అంటే ఆడపిల్ల కదా.

విజయనగరం: మాత్రలు, అదే అక్షరాలు పలికే కాలం, లెక్కెట్టండి మాస్టారూ. కొండ మూడు, దారిన నాలుగు, గుంట మూడు, చెయ్యీ నాలుగు. అచ్చం గురజాడ ముత్యాల సరం ఛందస్సు! గుంటడి అంటే ఒక మాత్ర ఎక్కువై కుంటుతుంది. గురజాడ ఊరివాళ్ళం, ఆ మాత్రం చెవిలోనే ఉంటుంది.

బొబ్బిలి మాస్టారు: ఆయన పుట్టింది ఎస్.రాయవరంలో లెండి. అయినా వడ్లు దంచుతూ పాడుకునే ఆడవాళ్ళు మాత్రలు లెక్కపెడతారా? "డి" మింగేసి పాడేస్తారు.

పార్వతీపురం: గురజాడ పూర్ణమ్మ పాటది కూడా ఈ నడకే కదా?

విజయనగరం: కాదండీ, అది నాలుగేసి మాత్రలు. పైకి చదివి చూడండి.

పలాస: నాకైతే ఇది 1964 తర్వాతి పాటనిపిస్తోంది. బర్మాలో నే విన్ సైనిక ప్రభుత్వం, అదే విప్లవ మండలి, కొట్లన్నీ జాతీయం చేశాక మావాళ్ళు కట్టుబట్టలతో వచ్చేశారు.

విజయనగరం: వాళ్ళు ఓడెక్కి వచ్చారు కదా బావూ, కొండ దారెక్కడిది?

పలాస: అదీ నిజమే.

పార్వతీపురం: మా కడప కోడలికి చదివి వినిపిస్తే, గుంట అంటే గొయ్యి అనుకుని "చెయ్యి గుంటలో జారిందా అత్తయ్యా" అంది 😀

టెక్కలి: నేను విన్నది "గుంట" అనే, అందులో అనుమానం లేదు. ఆ మాట దగ్గర ఆగిపోయి కొంగు వేలికి చుట్టుకుంటూ కూర్చునేది, అందుకే మూడో పాదం మాకెవరికీ రాలేదు. మాస్టారు ఆడపిల్ల అన్నాక ఇప్పుడు తడుతోంది, రాత్రిపూట వాణ్ణి పట్టుకుని నడిచింది తనే. గుంట చెయ్యి అంటే అమ్మమ్మ చెయ్యేనేమో.

బొబ్బిలి మాస్టారు: అలాగైతే "జారిపోయెను" కాదమ్మా, "వదిలిపోయెను" అయ్యుండొచ్చు. మాత్రలు కూడా సరిపోతాయి, చూడండి.