శాంతిస్వరూప్ గారి వార్తలు మీరెక్కడ చూసేవారు?

రామంతాపూర్ అమ్మాయి:
దూరదర్శన్‌లో తెలుగు వార్తలు 1983 నవంబర్ 14న మొదలయ్యాయి. మొదట చదివింది శాంతిస్వరూప్ గారు. మాది టీవీ కేంద్రం ఉన్న పేటే, అయినా మా ఇంట్లో టీవీ లేదు. వార్తల వేళకి పక్కింటి వరండాలో చేరేవాళ్లం, పిల్లలం ముందు, పెద్దవాళ్లు వెనక. ఆయన తెర మీదికి రాగానే తాతయ్య మమ్మల్ని నోరు మెదపనిచ్చేవారు కాదు. 2024 ఏప్రిల్ 5న ఆయన పోయారని తెలిసినప్పుడు నాకు ముందు ఆ వరండానే గుర్తొచ్చింది. మీ జ్ఞాపకాలు కూడా రాయండి.

గోదారి గట్టు:
మా ఊళ్లో టవర్ పెట్టిన కొత్తలో ఢిల్లీ హిందీ కార్యక్రమాలే వచ్చేవండి. హైదరాబాద్‌లో పెళ్లికి వెళ్లినప్పుడు మొదటిసారి టీవీలో తెలుగు వార్తలు చూశాను. విడిదింట్లో మగపెళ్లివారు కాఫీలు చల్లారిపోతున్నా కదల్లేదు.

పాత న్యూస్‌రీడర్:
నేను జిల్లా కేబుల్ ఛానెల్‌లో ఆరేళ్లు వార్తలు చదివాను కాబట్టి ఒక మాట చెప్పాలి. ఆయనకి మొదట్లో ప్రాంప్టర్, అంటే చదవాల్సిన వార్త కెమెరా దగ్గరే కనిపించేలా చేసే పరికరం, లేదు. దాదాపు పదేళ్లు స్క్రిప్ట్ గుర్తుపెట్టుకునే చదివారు. అదెంత కష్టమో కూర్చుంటే తెలుస్తుంది. మాకూ ప్రాంప్టర్ ఉండేది కాదు. కాగితంలోకి చూసి తల ఎత్తేలోపు వరుస తప్పేది. చివరికి నాకో పద్ధతి కుదిరింది: వాక్యం మొదటి సగం కాగితంలో చూసి, క్రియ మాత్రం కెమెరాలోకి చూస్తూ చెప్పడం. తెలుగులో క్రియ చివర్లో వస్తుంది కదా, ఆ మాటప్పుడు కళ్లు పైకి ఉంటే మనతోనే మాట్లాడుతున్నారనిపిస్తుంది. అంకెలొస్తే మాత్రం కాగితం చూడాల్సిందే. ఓసారి గుర్తుందిలే అనుకుని మిర్చి క్వింటాల్ ధర తప్పు చెప్పాను. మర్నాడు పొద్దున్నే రైతులు ఆఫీసుకొచ్చారు. ఆ తర్వాత ధరలు చదివిన ప్రతిసారీ టెన్షనే.

తెలుగు మాస్టారు:
మా బడిలో పిల్లలకి ఆయన వార్తలు వినమని చెప్పేవాణ్ని. ల, ళ తేడా, శ, ష, స తేడా నేను పలికి చూపిస్తే నవ్వేవాళ్లు, టీవీలో వింటే పట్టేసేవాళ్లు. ఆయన 1978లో దూరదర్శన్‌లో చేరారు. అంటే తెర మీద వార్తలు చదవడానికి ఐదేళ్లు పట్టింది! 2011లో రిటైరయ్యేదాకా ఆ సంస్థలోనే ఉన్నారు. ఆయన భార్య రోజారాణి గారు కూడా న్యూస్‌రీడరే. ఇప్పటి కొందరు యాంకర్లు అరుస్తుంటే నేను టీవీ కట్టేస్తాను. చావు వార్త చదివేటప్పుడు గొంతు తగ్గించాలని తెలియాలి కదా.

గోదారి గట్టు:
మాస్టారూ, ఆయన నవలలు కూడా రాశారు. భోపాల్ గ్యాస్ దుర్ఘటన మీద ‘రాతి మేఘం’ రాశారు. ఆదివారాలు హైదరాబాద్ ఆబిడ్స్‌లో పాత పుస్తకాలమ్మే ఫుట్‌పాత్ మీద రెండుసార్లు వెతికాను, దొరకలేదు. ఎవరి దగ్గరైనా ప్రతి ఉంటే చెప్పండి, జిరాక్స్ తీసుకుని జాగ్రత్తగా తిరిగి ఇచ్చేస్తాను.

రామంతాపూర్ అమ్మాయి:
మా మేనమామ అల్మారాలో చూసిన గుర్తండి. ఈ ఆదివారం వెళ్లి చూసొస్తాను.