ఆర్మీ నుంచి డిశ్చార్జ్ ఎన్ని రోజుల్లో వస్తుంది? సివిల్ ఉద్యోగం వచ్చింది, అర్జెంట్

చంద్రగిరి జవాన్:
సాయంత్రం ఆరు నుంచి ఇదే పని, ఇప్పుడు రాత్రి పదకొండున్నర. వీడియోలన్నీ చూసినా, ఒక్కొక్కరు ఒక్కో మాట చెప్తున్నారు, తల తిరిగిపోతోంది. కేంద్ర ప్రభుత్వ ఆఫీసులో క్లర్కు పోస్టుకు పరీక్ష రాసినా, లిస్టులో పేరొచ్చింది. వచ్చే నెల సర్టిఫికెట్ల వెరిఫికేషన్. ఇప్పుడు డిశ్చార్జ్‌కు అప్లికేషన్ పెడితే ఎన్ని రోజుల్లో వదుల్తారు? లీవు ఇంకా ఆరు రోజులే ఉంది. యూనిట్‌లో అడుగు అని మాత్రం చెప్పొద్దండి.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
ఎన్నేళ్ల సర్వీసు? ఏ కోటాలో రాసినావు? యూనిట్ అభ్యంతరం లేదని ఇచ్చే ఎన్‌ఓసీ కాగితం ఉందా?

చంద్రగిరి జవాన్:
సర్వీసు బాగానే అయింది అన్నా. రోజులు ఎన్ని పడతాయో చెప్పండి చాలు.

పుత్తూరు మిత్రుడు:
దీనికింత టెన్షన్ ఎందుకు తమ్ముడూ, రాజీనామా ఇచ్చి మూడు నెలల నోటీసు పెట్టు. ఎక్కడైనా అంతే కదా.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
ఎక్కడైనా అంతే కాదు. జవాను రాజీనామా చెయ్యడు, అది ఆఫీసర్ల మాట. జవానుకు ఉండేది డిశ్చార్జ్. 1950 ఆర్మీ చట్టం 22వ సెక్షను, 1954 ఆర్మీ రూల్స్‌లో 13వ రూలు చూడు. సొంత కోరికపై పంపమని అడగొచ్చు, కానీ కారణం సరైనదని, ఆ మనిషి పోతే యూనిట్ బలం మరీ తగ్గిపోదని కమాండింగ్ ఆఫీసర్‌కు నమ్మకం కుదరాలి. నోటీసు పీరియడ్ అనేదే లేదు.

పుత్తూరు మిత్రుడు:
పేరు ఏదైతేనేం సార్, బయటికి రావడమే కదా.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
కాదు నాయనా. డిశ్చార్జ్ పుస్తకంలో ‘ఎంగేజ్‌మెంట్ పూర్తయి’, అంటే ఒప్పుకున్న సర్వీసు కాలం నిండి, అని రాస్తే ఒక లెక్క, ‘సొంత కోరికపై’ అని రాస్తే ఇంకో లెక్క. ఆ ఒక్క మాట చూసే అవతలివాళ్లు నీ ఫైలు పక్కన పెడతారు.

రేణిగుంట, ఎయిర్‌ఫోర్స్:
ఉద్యోగం వచ్చింది కాబట్టి వదలాల్సిందే అని ఎవరూ అనుకోవద్దు. 2019లో మా ఎయిర్‌ఫోర్స్ కేసులోనే సుప్రీంకోర్టు చెప్పింది, ఒప్పుకున్న కాలం పూర్తికాకుండా ఇష్టమొచ్చినప్పుడు వెళ్లిపోయే తిరుగులేని హక్కు లేదని. చెప్పకుండా పోయి అక్కడ చేరితే ఆబ్సెంట్, ముదిరితే డిజర్షన్, అంటే సైన్యం వదిలి పారిపోయిన నేరం.

తిరుపతి, మాజీ క్లర్క్:
అందరూ చట్టాలే చెప్తున్నారు, అసలు చిక్కు పేర్ల దగ్గర వస్తుంది. నా పదో తరగతి మెమోలో ఇంటిపేరుకు పొడి అక్షరమే ఉంది. భర్తీ రోజున అక్కడి క్లర్కు దాన్ని పూర్తిగా విప్పి, పేరును మధ్యలో విరిచి రెండు ముక్కలు చేసి రాసినాడు. మెమోలో ఒక పేరు, డిశ్చార్జ్ పుస్తకంలో ఒకటి, ఆధార్‌లో ఇంకొకటి. వెరిఫికేషన్‌లో ఆ మేడమ్ మూడూ పక్కపక్కన పెట్టి, స్కేలు ఆనించి ఒక్కో అక్షరం చదివింది. మన తెలుగువాళ్లందరికీ ఉండే బాధే ఇది. భార్య పేరు, పిల్లల పుట్టిన తేదీలు పార్ట్ టూ ఆర్డర్‌లో, అంటే సర్వీసు రికార్డుకు ఎక్కే యూనిట్ ఉత్తర్వులో, పడినాయా లేదా చూసుకో. సర్వీసులో ఉన్నప్పుడే సరిచేయించుకో, బయటికొచ్చినాక రికార్డ్ ఆఫీసుకు ఉత్తరాలు రాసి రాసి చేతులు పడిపోతాయి.

చంద్రగిరి జవాన్:
అన్నా, పేర్ల సంగతి తర్వాత చూసుకుంటా. సర్వీసు 14 ఏళ్ల 3 నెలలు. ఎక్స్‌సర్వీస్‌మెన్, అదే మాజీ సైనికుల కోటా గడి నొక్కినా, ఫీజు కూడా కట్టలేదు. యూనిట్‌లో నోటిమాటగా చెప్పినా, సరే అన్నారు.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
ఇది మొదటే చెప్పాల్సింది తమ్ముడూ. అప్లికేషన్ పెట్టొద్దు, సంతకం చెయ్యొద్దు. జవానుకు సర్వీసు పెన్షన్ రావాలంటే 15 ఏళ్లు నిండాలి. సొంత కోరికపై వచ్చినవాళ్లను ఎక్స్‌సర్వీస్‌మన్‌గా లెక్కించాలంటే పెన్షన్ సంపాదించుకుని వచ్చి ఉండాలి. నువ్వు ఇప్పుడు వస్తే పెన్షన్ లేదు, కాబట్టి ఆ కోటా లేదు, ఆ కోటా మీద వచ్చిన ఉద్యోగమూ నిలవదు. రెండూ పోతాయి. ఇంకోటి, సర్వీసులో ఉన్నవాడు ఈ కోటాలో రాయాలంటే ఎంగేజ్‌మెంట్ ఏడాదిలోపు పూర్తవ్వాలి, ఆ తేదీ రాసి యూనిట్ సర్టిఫికెట్ ఇవ్వాలి. నీ ఎంగేజ్‌మెంట్ 15తో అయిపోదు కదా. సర్టిఫికెట్‌లో ఏ తేదీ ఉంది?

పుత్తూరు మిత్రుడు:
తక్కువైన సర్వీసు 12 నెలల వరకు మాఫీ చేస్తారట కదా సార్? ఇతనికి తక్కువైంది 9 నెలలే.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
మాఫీ ఉంది, కానీ సొంతంగా అడిగి వచ్చేవాళ్లకు కాదని పెన్షన్ రెగ్యులేషన్లలోనే ఉంది. దాన్ని నమ్ముకుని సర్వీసు వదలొద్దు.

శ్రీకాళహస్తి అక్క:
మా తమ్ముడు అగ్నివీర్. వాడికి కూడా ఇవే రూల్సా?

రేణిగుంట, ఎయిర్‌ఫోర్స్:
కాదక్కా. వాళ్లది 4 ఏళ్లు, పెన్షన్ లేదు, ఎక్స్‌సర్వీస్‌మన్ హోదా కూడా లేదు. చివర్లో సేవా నిధి అని ఒకేసారి కొంత డబ్బు వస్తుంది. చాలా అసాధారణ పరిస్థితి అయితే తప్ప మధ్యలో సొంత కోరికపై వదలరు.

శ్రీకాళహస్తి అక్క:
మరి పోలీసు ఉద్యోగాల్లో ఏదో కోటా అన్నారే?

తిరుపతి, మాజీ క్లర్క్:
అది వేరే పోస్టు పెట్టండమ్మా, ఈ తమ్ముడి విషయం తేలనీ. తమ్ముడూ, ఇంకో పరీక్ష ఏదైనా రాసినావా? కోటా వాడుకుని ఒక సివిల్ ఉద్యోగంలో చేరితే మళ్లీ ఆ కోటా ఉండదు. చేరే ముందే ఎక్కడెక్కడ ఏ తేదీన దరఖాస్తు పెట్టినావో కొత్త ఆఫీసుకు రాసి ఇస్తే వాటికి మాత్రం ఉంటుంది, 2014 ఆగస్టు ఉత్తర్వు అది. చాలామంది ఈ కాగితం ఇవ్వక పోగొట్టుకున్నారు.

చంద్రగిరి జవాన్:
యూనిట్ సర్టిఫికెట్ తీసుకోలేదు అన్నా. వెరిఫికేషన్ రోజుకు ఇస్తే చాలనుకున్నా.

పలమనేరు సుబేదార్, రిటైర్డ్:
ముందు నోటిఫికేషన్‌లో కటాఫ్ తేదీ చూడు, ఆ రోజుకు నీకు అర్హత ఉండాలి. పొద్దున్నే చిత్తూరులో జిల్లా సైనిక సంక్షేమ కార్యాలయానికి పో, నోటిఫికేషన్ ప్రింట్ తీసుకుని పో. ఈ ఉద్యోగం నిలవకపోతే నిలవకపోనీ. 9 నెలలు ఓర్చుకుంటే పెన్షన్‌తో వస్తావు, ముందు ముందు రాసే పరీక్షలకు వయసులో సర్వీసంతా తీసేసి ఇంకో 3 ఏళ్లు సడలింపు ఇస్తారు. నీ కడుపు కొట్టాలని కాదు చెప్పేది.

చంద్రగిరి జవాన్:
ఇంట్లో అందరికీ చెప్పేసినా అన్నా, అమ్మ స్వీట్లు కూడా పంచేసింది. సరే, ఏడు గంటల బస్సుకు పోతా. థ్యాంక్స్.

పుత్తూరు మిత్రుడు:
ఏమైందో చెప్పు తమ్ముడూ.

తిరుపతి, మాజీ క్లర్క్:
పోయేటప్పుడు పదో తరగతి మెమో కూడా తీసుకుని పో.