మేజర్ జనరల్ ఖండూరి పార్లమెంటు జీవితం: రోడ్ల మంత్రిగా చూడాలా, రక్షణ స్థాయీ సంఘం అధ్యక్షుడిగా చూడాలా?

హలసూరువాసి (ప్రశ్న)

సభ్యులందరికీ నమస్కారం. బెంగళూరులో మా తెలుగు సంఘం జరిపే చర్చాగోష్ఠికి ఈసారి సైన్యం నుంచి పార్లమెంటుకు వెళ్లినవారి గురించి మాట్లాడే పని నా మీద పెట్టారు. మేము ఉండేది మద్రాస్ ఇంజనీర్ గ్రూపు కేంద్రానికి కూతవేటు దూరంలో. చుట్టుపక్కల రిటైరైన సుబేదార్లు, హవల్దార్లు చాలామంది ఉన్నారు. 2024లో దక్షిణ కన్నడ నుంచి గోర్ఖా రైఫిల్స్ మాజీ అధికారి కెప్టెన్ బ్రిజేశ్ చౌటా లోక్‌సభకు ఎన్నికైనప్పటి నుంచి ఇక్కడ ఈ వాదన ఆగడం లేదు. మాజీ అధికారులను పార్టీలు గోడపత్రిక మీద బొమ్మ కోసమే తీసుకుంటాయని కొందరంటే, క్రమశిక్షణ తెలిసినవారు సభలో ఉంటే మేలేనని మరికొందరు అంటున్నారు.

నేను ఉదాహరణగా భువన్ చంద్ర ఖండూరి గారిని ఎంచుకున్నాను. ఆయన 1954 నుంచి 1990 వరకు సైన్యంలోని ఇంజనీర్ల విభాగంలో పనిచేసి మేజర్ జనరల్‌గా పదవీ విరమణ చేశారు. ఆ మరుసటి ఏడాదే గఢ్వాల్ నుంచి బీజేపీ తరఫున లోక్‌సభకు వెళ్లారు. 1996లో ఓడిపోయి, 1998, 1999, 2004లలో గెలిచి, 2007లో ఉత్తరాఖండ్ ముఖ్యమంత్రి కావడంతో సభను వదిలి, 2014లో మళ్లీ వచ్చారు. ఇంత సుదీర్ఘ జీవితంలో ఆయన పేరు నిలిచే పని ఏది? 2018లో రక్షణ స్థాయీ సంఘం (రక్షణ శాఖ పనిని పరిశీలించే ఎంపీల సంఘం) అధ్యక్ష పదవి నుంచి ఆయనను తప్పించడానికి ఆ సంఘం ఇచ్చిన నివేదికే కారణమా? ఈ రెండు సందేహాలు తీర్చగలరని ఆశిస్తున్నాను.

నెల్లూరు లారీ

మా కుటుంబానిది రవాణా వ్యాపారం కాబట్టి రోడ్ల సంగతి చెబుతాను. నాలుగు మహానగరాలను కలిపే స్వర్ణ చతుర్భుజి రహదారి పథకం ఖండూరి ఆలోచన కాదు. దానికి వాజపేయి 1999 జనవరిలోనే శంకుస్థాపన చేశారు. ఖండూరి రోడ్డు రవాణా, రహదారుల శాఖకు స్వతంత్ర హోదా గల సహాయ మంత్రిగా వచ్చింది 2000 నవంబరులో. 2003లో ఆయనకు క్యాబినెట్ హోదా ఇచ్చారు. ఢిల్లీ, ముంబై, చెన్నై, కోల్‌కతాలను కలిపే 5,846 కిలోమీటర్ల పనిని గుత్తేదారుల చేత, రాష్ట్ర ప్రభుత్వాల చేత, భూసేకరణ అధికారుల చేత చేయించడం ఆయన వంతుకు వచ్చింది. డబ్బు కూడా ఆషామాషీగా రాలేదు. పెట్రోలు, డీజిల్ మీద లీటరుకు రూపాయి చొప్పున వేసిన సెస్సు కేంద్ర రోడ్డు నిధికి చేరి, ఈ పనికి ఆధారమైంది. బడ్జెట్టులో ఏటా ఎంత దక్కుతుందో తెలియని రోడ్డు పనులకు అది పెద్ద ధీమా.

బెంగళూరులో ఉన్న మనకు దీని విలువ వేరే చెప్పనక్కర లేదు. ముంబై నుంచి వచ్చే భుజం హుబ్బళ్లి, దావణగెరె, చిత్రదుర్గ, తుమకూరు మీదుగా మన ఊరు చేరి, ఇక్కడి నుంచి కృష్ణగిరి, రాణిపేట దాటి చెన్నైకి పోతుంది. అక్కడి నుంచి కోల్‌కతా వైపు వెళ్లే భుజం మా నెల్లూరు మీదుగానే సాగుతుంది. అయితే మొత్తం చతుర్భుజి పూర్తయినట్లు ప్రకటించింది 2012లో; అప్పటికి ఆయన ఆ శాఖ విడిచి ఏళ్లు గడిచాయి. అందుకే ఈ రోడ్లన్నీ ఆయనే వేశారని వేదిక మీద చెప్పకండి. కదలని బండిని కదిలించిన మంత్రి అంటే సరిపోతుంది.

కోలారు పాఠకుడు

పై సభ్యుడు చెప్పినదానికి ఒక చేదు పేజీని చేర్చాలి. ఈ రోడ్ల పనిలోనే ఉన్న జాతీయ రహదారుల సంస్థ ఇంజనీరు సత్యేంద్ర దూబే, బీహార్‌లో జరుగుతున్న అక్రమాల గురించి 2002లో ప్రధానమంత్రి కార్యాలయానికి లేఖ రాస్తూ తన పేరు బయటపెట్టవద్దని కోరారు. ఆ లేఖ పేరుతో సహా కార్యాలయాలు తిరిగింది. 2003 నవంబరు 27న గయలో ఆయన హత్యకు గురయ్యారు. అది దోపిడీలో జరిగిన హత్య అని సీబీఐ తేల్చింది, 2010లో కోర్టు ముగ్గురిని దోషులుగా నిర్ధారించింది. కుటుంబం మాత్రం ఆ కథను నమ్మలేదు. హత్యకూ మంత్రికీ సంబంధం ఉందని ఎవరూ అనలేదు, నేనూ అనడం లేదు. కానీ నిజాయితీపరుడన్న పేరున్న మాజీ సైనికాధికారి శాఖాధిపతిగా ఉన్నప్పటికీ, ఆ శాఖ కింది సంస్థలో ఫిర్యాదు చేసిన ఉద్యోగికి రక్షణ దొరకలేదన్నది వాస్తవం. అధిపతి వ్యక్తిగత శీలం యంత్రాంగం చివరిదాకా దానంతట అది పాకదు. మీ గోష్ఠిలో క్రమశిక్షణ వాదం వినిపించేవారికి ఈ విషయం తప్పక చెప్పండి.

జాలహళ్లి విశ్రాంత ఉద్యోగి

రక్షణ ఉత్పత్తుల రంగంలోనే నా ఉద్యోగ జీవితమంతా గడిచింది కాబట్టి రెండో సంగతి కొంత వివరంగా రాస్తాను. నా అభిప్రాయంలో ఖండూరి పార్లమెంటు జీవితంలో సైనికుడి ముద్ర స్పష్టంగా కనిపించేది రోడ్లలో కాదు, 2014 తర్వాత స్థాయీ సంఘంలో.

ముందు ఈ సంఘం ఎలా పనిచేస్తుందో గమనించాలి. శాఖలవారీ స్థాయీ సంఘాలు 1993లో మొదలయ్యాయి. ఒక్కొక్క దానిలో లోక్‌సభ నుంచి 21 మంది, రాజ్యసభ నుంచి 10 మంది ఉంటారు; మంత్రులకు సభ్యత్వం లేదు. బడ్జెట్ సమావేశాల మధ్య విరామంలో రక్షణ శాఖ పద్దులు, అంటే ఖర్చుకు అది కోరే కేటాయింపులు, ఈ సంఘం ముందుకు వస్తాయి. అప్పుడు శాఖ కార్యదర్శులు, త్రివిధ దళాల ప్రతినిధులు తలుపులు మూసిన గదిలో సభ్యుల ప్రశ్నలకు సమాధానం చెప్పాలి. సభలో గంట చర్చలో దొరకని వివరం అక్కడ దొరుకుతుంది. టీవీ కెమెరాలు ఉండవు కాబట్టి పాలక పక్షం వారూ నిజమైన ప్రశ్నలే అడుగుతారు.

2018 మార్చిలో ఖండూరి అధ్యక్షతన వచ్చిన నివేదికను ఈ వెలుగులో చదవాలి. ఆర్మీ వైస్ చీఫ్ లెఫ్టినెంట్ జనరల్ శరత్ చంద్ సంఘం ముందు ఇచ్చిన వాంగ్మూలం అందులో ఉంది. ఆధునిక సైన్యంలో పాతబడిన పరికరాలు మూడో వంతు, ప్రస్తుత తరానివి మూడో వంతు, అత్యాధునికమైనవి మూడో వంతు ఉండాలి. మన దగ్గర పాతబడినవి 68 శాతం, ప్రస్తుత తరానివి 24 శాతం, అత్యాధునికమైనవి 8 శాతం మాత్రమే అన్నది ఆయన చెప్పిన లెక్క. ఆ ఏడాది ఆధునికీకరణకు కేటాయించిన 21,338 కోట్ల రూపాయలు, అప్పటికే నడుస్తున్న 125 పథకాలకు చెల్లించవలసిన 29,033 కోట్లకే చాలవని కూడా ఆయన చెప్పారు. అంటే కొత్తగా ఒక్క వస్తువు కొనకపోయినా పాత బాకీలే తీరవన్నమాట. మా రంగంలో ఉన్నవారికి ఇదేమీ కొత్త సమాచారం కాదు; సియాచిన్ మీద ఇప్పటికీ ఎగిరే చీతా హెలికాప్టర్ ఎంత పాత తరం నమూనాయో, దాన్ని తయారుచేసిన ఇక్కడి హెచ్ఏఎల్‌లో పనిచేసిన ఎవరిని అడిగినా చెబుతారు. కొత్తదనమంతా ఆ మాటను యూనిఫాంలో ఉన్న వైస్ చీఫ్ నోట, పార్లమెంటు పత్రంలో, అంకెలతో నమోదు చేయడంలో ఉంది. సొంత పార్టీ ప్రభుత్వం ఉండగా, అధ్యక్ష స్థానంలోని వ్యక్తి ఆ పంక్తులను మెత్తబరచకుండా నివేదికలో ఉండనిచ్చారు. సరైన ప్రశ్న ఏదో, సైనికుడు దాటవేసే సమాధానం ఎలా ఉంటుందో లోపలి నుంచి తెలిసిన అధ్యక్షుడు కావడం ఇందుకు తోడ్పడిందని నేను అనుకుంటాను.

దీని హద్దు కూడా చెప్పాలి. స్థాయీ సంఘం సిఫారసు చేయగలదే కాని ఆదేశించలేదు. పద్దులో ఒక్క రూపాయి పెంచే అధికారం దానికి లేదు.

నెల్లూరు లారీ

మరి తొలగింపు సంగతి? ఆ నివేదిక వల్లే తీసేశారని అందరూ అనుకున్నదే కదా.

జాలహళ్లి విశ్రాంత ఉద్యోగి

అనుకోవడం వేరు, తేలడం వేరు. స్థాయీ సంఘాల గడువు ఏడాదే. ఏటా వాటిని మళ్లీ ఏర్పాటు చేస్తారు. 2018 సెప్టెంబరులో అలా ఏర్పాటు చేసినప్పుడు ఆయన స్థానంలో కల్‌రాజ్ మిశ్రా వచ్చారు. ఖండూరికి అప్పటికి 83 ఏళ్లు. రక్షణ మీద ప్రశ్నలు అడిగినందుకే ఆయనను తప్పించారని 2019 మార్చిలో దెహ్రాదూన్ సభలో రాహుల్ గాంధీ అన్నారు. ఖండూరి కుమారుడు మనీశ్ కాంగ్రెసులో చేరింది ఆ వేదిక మీదే. కాబట్టి అది ఎన్నికల వేళ ఒక పక్షం చేసిన ఆరోపణగానే చెప్పండి. నివేదిక వచ్చింది, ఆరు నెలల తర్వాత అధ్యక్షుడు మారారు. ఈ రెండింటినీ తేదీలతో పక్కపక్కన పెట్టి, ముడి వేసే పని శ్రోతలకు వదిలేయడం మంచిది.

కోలారు పాఠకుడు

గోడపత్రిక వాదానికి కూడా గఢ్వాల్‌లోనే సమాధానం ఉంది. గఢ్వాల్ రైఫిల్స్ కేంద్రమైన లాన్స్‌డౌన్ ఉన్నది ఆ నియోజకవర్గంలోనే. ఇంటికో సైనికుడున్న పల్లెలు అక్కడ ఎన్నో. యూనిఫాం ఒక్కటే చాలితే అక్కడ ఖండూరి 1996లో ఓడిపోకూడదు. 2012లో ముఖ్యమంత్రిగా ఉండి, తన పేరు మీదే పార్టీ ప్రచారం సాగించిన ఎన్నికల్లో, లాన్స్‌డౌన్ కొండ దిగువనే ఉన్న కోట్‌ద్వార్‌లో ఓడిపోనూ కూడదు. ఆయన 2007లో వదిలిన లోక్‌సభ స్థానం కథ ఇంకా ఆసక్తికరం. ఉప ఎన్నికలో గెలిచిన టి.పి.ఎస్. రావత్ రిటైరైన లెఫ్టినెంట్ జనరల్. కాంగ్రెసు ఎమ్మెల్యేగా ఉన్న ఆయనే ఖండూరి శాసనసభకు రావడానికి ధూమాకోట్ స్థానం ఖాళీ చేసి, ఆ తర్వాత బీజేపీ అభ్యర్థిగా లోక్‌సభకు వెళ్లారు. 2009లో ఆయనా ఓడిపోయారు. సైనికుల జిల్లా ఓటరు జనరళ్లను కూడా మామూలు రాజకీయ నాయకుల్లాగే తూచాడు.

హలసూరువాసి

అందరికీ కృతజ్ఞతలు. ప్రసంగంలో రోడ్లకు కొద్ది నిమిషాలు, సంఘానికి మిగతా సమయం కేటాయిస్తాను. దూబే ప్రస్తావన తప్పకుండా ఉంటుంది. ఆ నివేదిక మీద ప్రభుత్వం ఏం చేసిందో తెలుసుకునే మార్గం ఉందా?

జాలహళ్లి విశ్రాంత ఉద్యోగి

ఉంది. ప్రతి సిఫారసు మీద ఏ చర్య తీసుకున్నారో శాఖ మూడు నెలల్లో సంఘానికి తెలపాలి. ఆ జవాబులను పరిశీలించి సంఘం మరో నివేదిక సమర్పిస్తుంది. రెండూ లోక్‌సభ వెబ్‌సైటులో రక్షణ సంఘం పేరు కింద దొరుకుతాయి. తీరిక తక్కువైతే సిఫారసుల భాగం వదిలేసి, అధికారుల వాంగ్మూలం ఉన్న పేజీలు ముందు చదవండి. సిఫారసుల భాష ఏ ఏడాది చూసినా ఒకేలా ఉంటుంది, అసలు సంగతి ప్రశ్నోత్తరాలలోనే బయటపడుతుంది.