సి డ్రైవ్ నిండిపోయింది: ఆటలు ఎక్కడ ఇన్‌స్టాల్ అయ్యాయో కనిపెట్టి, డి డ్రైవ్‌కు మార్చడం ఎలా?

ప్రశ్న: చంపావతి_ఒడ్డు (విజయనగరం)

అందరికీ నమస్కారం. మా ఇంట్లో ఉన్న ఒకే ఒక్క డెస్క్‌టాప్ కంప్యూటర్‌ను నేనూ, ఇంటర్మీడియట్ చదువుతున్న మా తమ్ముడూ వాడుకుంటాము. విండోస్ 11 ఉన్న సి డ్రైవ్ 256 జీబీ ఎస్‌ఎస్‌డీ (హార్డ్ డిస్క్ కంటే వేగంగా పనిచేసే డిస్క్). దానితోపాటు 1 టీబీ హార్డ్ డిస్క్ డి డ్రైవ్‌గా దాదాపు ఖాళీగా ఉంది. వారం రోజులుగా సి డ్రైవ్ గీత ఎర్రబడి, 6 జీబీ మాత్రమే మిగిలిందని చూపిస్తోంది. విండోస్ అప్‌డేట్ కూడా స్థలం చాలక మధ్యలో ఆగిపోయింది.

స్టీమ్, ఎపిక్ అనే లాంచర్లు (ఆటలను డౌన్‌లోడ్ చేసి నడిపే ప్రోగ్రాములు), మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్ అనే ఆట, ఈ మూడూ తమ్ముడు ఎక్కించినవే. ఏది ఎక్కడ ఇన్‌స్టాల్ అయిందని అడిగితే, అడిగినచోటల్లా నెక్స్ట్ నొక్కుకుంటూ వెళ్లానని చెప్పాడు. నేనే వెతికి, స్టీమ్ ఆట ఫోల్డర్ ఒకటి, సుమారు 35 జీబీ ఉన్నది, కట్ చేసి డి డ్రైవ్‌లో పెట్టాను. అప్పటి నుంచి ప్లే నొక్కితే ఆట ఫైలు దొరకలేదన్న సందేశం వస్తోంది. మా ఇంటర్నెట్ ప్లానుకు నెలవారీ పరిమితి ఉన్నందువల్ల ఇన్ని జీబీలు మళ్లీ డౌన్‌లోడ్ చేసే వీలు లేదు.

అన్నిటికంటే నాకు దిగులుగా ఉన్నది మరొకటి. తమ్ముడు రెండు వేసవి సెలవుల పాటు కూర్చుని మైన్‌క్రాఫ్ట్‌లో మా విజయనగరం కోటను, నాలుగు మూలల బురుజులతో, నగారాఖానా ద్వారంతో సహా కట్టుకున్నాడు. నా చేతి తొందర వల్ల అది పోకూడదు. తెలిసినవారు దయచేసి వివరంగా చెప్పగలరు.

జవాబు: నాగావళి_తీరం (శ్రీకాకుళం)

చంపావతి_ఒడ్డు గారికి,

ముందుగా మీరు డి డ్రైవ్‌లో పెట్టిన ఫోల్డర్‌ను, పేరులో ఒక్క అక్షరం కూడా మార్చకుండా, తీసిన చోటనే తిరిగి పెట్టండి. ఆట చెడిపోలేదు. స్టీమ్ తాను ఇన్‌స్టాల్ చేసిన ప్రతి ఆటకూ ఒక చిన్న రికార్డు రాసుకుంటుంది. ఆటల ఫోల్డర్లు ఉండే కామన్ ఫోల్డర్‌కు ఒక మెట్టు పైన, స్టీమ్‌యాప్స్ ఫోల్డర్‌లో, యాప్‌మ్యానిఫెస్ట్ అని మొదలై ఆట సంఖ్యతో ముగిసే ఏసీఎఫ్ ఫైళ్లు అవే. పొలం చేతులు మారినా అడంగల్‌లో పేరు మారకపోతే ఎలాంటి చిక్కు వస్తుందో, ఫోల్డర్ మార్చి ఈ రికార్డు మార్చకపోతే అలాంటి చిక్కే వస్తుంది. అందువల్ల ఆటను ఏ లాంచర్ ఎక్కించిందో ఆ లాంచర్ చేతనే కదిలించడం క్షేమం. తిరిగి పెట్టిన తరువాత స్టీమ్ ఇన్‌స్టాల్ బటన్ చూపించినా కంగారు పడవద్దు. అదే చోటును ఎంచుకుంటే అది ఉన్న ఫైళ్లను గుర్తించి, లోపించినవి మాత్రమే తెచ్చుకుంటుంది.

ఏ ఆట ఎక్కడ ఉందో తెలుసుకోవడానికి ఫోల్డర్లన్నీ వెతకనక్కరలేదు. స్టీమ్ లైబ్రరీలో ఆట పేరు మీద రైట్ క్లిక్ చేసి, మేనేజ్‌లో బ్రౌజ్ లోకల్ ఫైల్స్ నొక్కితే సరిగ్గా ఆ ఫోల్డరే తెరుచుకుంటుంది. మార్చడానికి మొదట స్టీమ్ సెట్టింగ్స్‌లో స్టోరేజ్‌కు వెళ్లి డి డ్రైవ్‌ను చేర్చండి. అక్కడ స్టీమ్‌లైబ్రరీ అనే కొత్త ఫోల్డర్ ఏర్పడుతుంది. తరువాత ఆట ప్రాపర్టీస్‌లో ఇన్‌స్టాల్డ్ ఫైల్స్ తెరిచి, మూవ్ ఇన్‌స్టాల్ ఫోల్డర్ నొక్కి, డి డ్రైవ్‌ను ఎంచుకోండి. పని పూర్తయ్యాక అక్కడే ఉన్న వెరిఫై బటన్ ఒకసారి నొక్కితే ఫైళ్లన్నీ సరిగా చేరాయో లేదో తేలిపోతుంది. ఇందులో డౌన్‌లోడ్ ఖర్చు ఏమీ ఉండదు.

ఈ ఏర్పాటు వల్ల మరొక మేలు కూడా ఉంది. రేపు విండోస్ మళ్లీ వేయవలసి వచ్చినా, డి డ్రైవ్‌ను ఫార్మాట్ చేయనంత కాలం ఆ ఆటలు అలాగే ఉంటాయి. కొత్తగా స్టీమ్ వేసి, స్టోరేజ్‌లో ఆ ఫోల్డర్‌ను చూపిస్తే చాలు.

జవాబు: రాజాం_మరమ్మతులు (రాజాం)

పై జవాబు పూర్తిగా సరైనది. అయితే నేను కోట గురించి మాట్లాడదలచుకున్నాను, ఎందుకంటే ఆట ఫైళ్లు ఎన్నిసార్లయినా తెచ్చుకోవచ్చు గాని, పిల్లవాడు కట్టుకున్నది మాత్రం ఏ సర్వర్‌లోనూ దొరకదు.

కంప్యూటర్లు బాగుచేసే పనిలో నేను చేసిన ఒక తప్పు ఇప్పటికీ నన్ను బాధిస్తుంది. ఒక ఇంటి కంప్యూటర్‌కు విండోస్ మళ్లీ వేసే ముందు డెస్క్‌టాప్, డాక్యుమెంట్స్, ఫొటోలు అన్నీ జాగ్రత్తగా కాపీ చేశాను. ప్రోగ్రాములు తమ సమాచారం దాచుకునే యాప్‌డేటా ఫోల్డర్ మామూలుగా కనబడకుండా దాగి ఉంటుంది కాబట్టి దాన్ని తీసుకోలేదు. ఆ ఇంటి అమ్మాయి మూడేళ్లుగా స్టార్‌డ్యూ వ్యాలీ అనే ఆటలో సాగు చేసుకుంటున్న పొలం అందులోనే ఉంది. ఆమె ఏడుస్తూ అడిగినప్పుడు నా దగ్గర చెప్పడానికి ఏమీ లేకపోయింది. ఆనాటి నుంచి యాప్‌డేటా తీయకుండా నేను ఏ డిస్క్‌నూ ఫార్మాట్ చేయలేదు.

మైన్‌క్రాఫ్ట్ జావా ఎడిషన్‌లో కట్టిన లోకాలు ఆట ఎక్కించిన చోట ఉండవు. విండోస్ బటన్, ఆర్ కలిపి నొక్కగా వచ్చే పెట్టెలో రెండు శాతం గుర్తుల మధ్య యాప్‌డేటా అని ఇంగ్లీషులో టైప్ చేసి ఎంటర్ నొక్కండి. రోమింగ్ ఫోల్డర్ తెరుచుకుంటుంది. అందులో చుక్కతో మొదలయ్యే మైన్‌క్రాఫ్ట్ ఫోల్డర్, దానిలో సేవ్స్ ఫోల్డర్, దానిలో మీ తమ్ముడు పెట్టిన పేరుతో ఒక ఫోల్డర్ ఉంటాయి. 1713లో కట్టిన కోటకు నకలు ఆ చిన్న ఫోల్డరే. ఆటను మూసివేసి, దాన్ని పెన్‌డ్రైవ్‌లోకి ఒకటి, డి డ్రైవ్‌లోకి మరొకటి కాపీ చేసిన తరువాతే మిగతా పనులు మొదలుపెట్టండి.

ఇతర ఆటల సేవ్ ఫైళ్లు (ఆటలో ఎంతవరకు వచ్చామో దాచి ఉంచేవి) ఒక్కోటి ఒక్కో చోట ఉంటాయి. కొన్ని డాక్యుమెంట్స్‌లోని మై గేమ్స్‌లోను, కొన్ని సేవ్డ్ గేమ్స్‌లోను, కొన్ని యాప్‌డేటాలోని లోకల్ (Local) లేదా లోకల్‌లో (LocalLow) అనే ఫోల్డర్లలోను చేరుతాయి. ఉదాహరణకు, జీటీఏ 5 అనే ఆట అయితే డాక్యుమెంట్స్‌లోని రాక్‌స్టార్ గేమ్స్ ఫోల్డర్‌లో చూడండి. మీ కంప్యూటర్‌లో వన్‌డ్రైవ్ (మైక్రోసాఫ్ట్ ఆన్‌లైన్ నిల్వ) బ్యాకప్ పెట్టి ఉంటే డాక్యుమెంట్స్ ఫోల్డరే వన్‌డ్రైవ్ లోపలికి మారి ఉండవచ్చు, అక్కడా వెతకండి. సేవ్ ఫైళ్లను ఇంటర్నెట్‌లో దాచే స్టీమ్ క్లౌడ్ ఉన్న ఆటలకు కొంత భరోసా ఉంటుంది గాని, ప్రతి ఆటకూ ఆ సదుపాయం లేదు.

జవాబు: పలాస_జీడితోట (పలాస)

ఒక మాట మాత్రం చేరుస్తాను. అన్ని ఆటలనూ డి డ్రైవ్‌కు తోసివేయవద్దు. హార్డ్ డిస్క్ నుంచి పెద్ద ఆటలు తెరుచుకోవడానికి చాలా సమయం పడుతుంది, కొన్ని కొత్త ఆటలకైతే ఎస్‌ఎస్‌డీ తప్పనిసరి అని తయారీదారులే చెబుతున్నారు. రోజూ ఆడేది సి డ్రైవ్‌లో ఉంచి, అప్పుడప్పుడూ ఆడేవి మార్చండి.

మీ తరువాతి ఆలోచన యూఎస్‌బీ హార్డ్ డిస్క్ కొనడమైతే, దానికి విండోస్‌లోని డిస్క్ మేనేజ్‌మెంట్‌లో ఒక స్థిరమైన డ్రైవ్ అక్షరం ఇవ్వండి. ఒకరోజు ఇ గా, మరొకరోజు ఎఫ్ గా కనబడితే లాంచర్‌కు ఆటలు దొరకవు. ఫ్యాట్32 అనే పాత ఫార్మాట్ పద్ధతిలో ఉన్న డిస్క్ 4 జీబీకి మించిన ఒక్క ఫైలును కూడా తీసుకోదు కాబట్టి, ఖాళీగా ఉన్నప్పుడే ఎన్‌టీఎఫ్‌ఎస్‌కు మార్చుకోవాలి.

చంపావతి_ఒడ్డు (విజయనగరం)

ముగ్గురికీ కృతజ్ఞతలు. మొదట కోట ఫోల్డర్‌ను రెండు చోట్ల కాపీ చేశాను. తమ్ముడి చేత రెండు కాపీలనూ తెరిపించి చూశాము. తరువాత స్టీమ్ ఆటను వెనక్కి పెట్టి, మీరు చెప్పిన విధంగానే డి డ్రైవ్‌కు మార్చాను. వెరిఫై కూడా సజావుగా పూర్తయింది.

ఇక ఎపిక్‌లో ఉన్న జీటీఏ 5 మిగిలింది. 2020 మే నెలలో దాన్ని ఉచితంగా ఇచ్చినప్పుడు తీసుకున్నది. ఒక్కటే 110 జీబీ దాకా ఉంది. సి డ్రైవ్‌లోని ప్రోగ్రామ్ ఫైల్స్‌లో ఎపిక్ గేమ్స్ అనే ఫోల్డర్‌లో కనబడింది. దీనికీ ఇదే పద్ధతి పనికొస్తుందా?

జవాబు: నాగావళి_తీరం (శ్రీకాకుళం)

ఎపిక్ కూడా రికార్డు రాసుకుంటుంది గాని వేరే చోట, ప్రోగ్రామ్‌డేటాలో, ఐటమ్ అన్న పేరుతో ముగిసే ఫైళ్ల రూపంలో పెట్టుకుంటుంది. వాటిని చేత్తో దిద్దవద్దు. చాలాకాలంగా అందరూ వాడుతున్న ఒక పద్ధతి చెబుతాను. మొదట ఆ ఆట ఫోల్డర్‌ను డి డ్రైవ్‌లో ఒక తాత్కాలిక ఫోల్డర్‌లోకి కాపీ చేయండి, కట్ చేయవద్దు. 110 జీబీ కాపీ కావడానికి చాలాసేపు పడుతుంది, మధ్యలో కరెంటు పోయినా అసలు ఫైళ్లు సి డ్రైవ్‌లో చెక్కుచెదరకుండా ఉండాలి. యూపీఎస్ లేకపోతే కోత వేళలు చూసుకుని మొదలుపెట్టండి.

కాపీ పూర్తయ్యాక రెండు ఫోల్డర్ల మీదా రైట్ క్లిక్ చేసి, ప్రాపర్టీస్‌లో పరిమాణమూ, ఫైళ్ల సంఖ్యా సమానంగా ఉన్నాయని చూసుకోండి. అప్పుడే ఎపిక్‌లో అన్‌ఇన్‌స్టాల్ చేసి, వెంటనే ఇన్‌స్టాల్ నొక్కి, చోటు అడిగినప్పుడు డి డ్రైవ్‌లో ఒక ఫోల్డర్ చూపించండి. డౌన్‌లోడ్ ఒకటి రెండు శాతం రాగానే ఆపి, లాంచర్‌ను పూర్తిగా మూసివేయండి. తాత్కాలిక ఫోల్డర్‌లోని ఫైళ్లన్నిటినీ కొత్తగా ఏర్పడిన ఆట ఫోల్డర్‌లోకి, పాతవాటి స్థానంలో వచ్చేలా తరలించండి. ఈసారి కట్ చేసినా ఇబ్బంది లేదు, ఎందుకంటే ఒకే డ్రైవ్ లోపల జరిగే మార్పులో ఫైళ్లు కదలవు, వాటి చిరునామా మాత్రమే మారుతుంది, క్షణాల్లో అయిపోతుంది. లాంచర్ తెరిచి రెజ్యూమ్ నొక్కితే అది ఉన్న ఫైళ్లను సరిచూసుకుని, తేడా ఉన్నవాటిని మాత్రమే తెచ్చుకుంటుంది.

చంపావతి_ఒడ్డు (విజయనగరం)

ఆదివారం ఉదయం కాపీ పెట్టి, మధ్యాహ్నానికి అంతా పూర్తిచేశాను. ఆట తెరుచుకుంది, పాత సేవ్‌లు అలాగే ఉన్నాయి, ఇప్పుడు సి డ్రైవ్‌లో 150 జీబీ ఖాళీగా ఉంది, ఆగిపోయిన విండోస్ అప్‌డేట్ కూడా ఎక్కింది. కోట పెన్‌డ్రైవ్ మీద తమ్ముడు తేదీ రాసి, అమ్మ బీరువాలో దాచాడు. ఎనిమిది పలకల గంటస్తంభం కట్టడం ఈ సాయంత్రం మొదలుపెడతానంటున్నాడు.