కోట నోట తెలంగాణ యాస: గౌరవమా, వెక్కిరింతా?

పాతరీలు:
కోట శ్రీనివాసరావు గారు 2025 జులైలో, 83 ఏళ్లు నిండిన మూడు రోజులకే వెళ్లిపోయారు. 1978లో ‘ప్రాణం ఖరీదు’తో సినిమాల్లోకి వచ్చినా, ఆయనను నిలబెట్టింది 1985 నాటి ‘ప్రతిఘటన’లోని విలన్ పాత్ర, కాశయ్య. పుట్టింది కృష్ణా జిల్లా కంకిపాడులో, ఆ పాత్రలో పలికింది తెలంగాణ యాస. తనది కాని యాసను ఒక నటుడు అంత నిండుగా పలకడం ఆ యాసకు దక్కిన గౌరవమేనని నా వాదన. కాదనేవారు చెప్పండి.

జగిత్యాలవాసి:
కాదంటాను. 1986లో హైదరాబాదులో కాలేజీలో చేరాను. హాస్టల్ మెస్సులో ఇంకాస్త పప్పు వేయమని అడిగితే చాలు, “కాశయ్య వచ్చాడు” అని బల్ల చుట్టూ నవ్వులు. ఏడాది తిరిగేసరికి బయట ఒక తెలుగు, ఇంట్లో ఒక తెలుగు మాట్లాడటం నేర్చుకున్నాను. గౌరవమంటే ఇదేనా?

నేలటికెట్టు:
తప్పు నవ్వినవాళ్లది, కోట గారిది కాదు. ‘అహ నా పెళ్ళంట’లో లక్ష్మీపతిని చూడండి. పైకప్పుకు కోడిని వేలాడదీసి, దాన్ని చూసుకుంటూ ఉత్త అన్నం తినే పిసినారి. ముద్దకూ ముద్దకూ మధ్య ఆ కోడి వైపు చూసే చూపులో ఎంత ఆకలి, ఎంత తృప్తి! అతనిది తెలంగాణ యాస కాదు. మమ్మల్ని పిసినారులన్నారని కోస్తావాళ్లు అలిగారా?

జగిత్యాలవాసి:
ఎందుకు అలుగుతారు? ఆ సినిమాలో హీరోదీ వాళ్ల భాషే. ‘ప్రతిఘటన’లో నాయిక మాట్లాడేది పుస్తకాల తెలుగు, మా యాస కాశయ్యకు. పదమూడేళ్ల తర్వాత ‘గణేష్’లోనూ అంతే. దుర్మార్గపు మంత్రి సాంబశివుడు, మళ్లీ మా యాస.

రంగుముఖం:
నాటకాలాడినవాడిగా ఒక మాట. ఆయన బ్యాంకు ఉద్యోగం చేస్తూనే ఏళ్ల తరబడి రంగస్థలం మీద ఉన్న మనిషి. యాసను వెక్కిరించే నటుడు మాట విసిరి, నవ్వు కోసం ఆగుతాడు. కోట ఆగరు, పాత్ర పని పాత్ర చేసుకుపోతుంది. ఇక ఏ యాస ఎవరి నోట పెట్టాలన్నది రచయిత, దర్శకుడు తేల్చే సంగతి. వాళ్లను వదిలేసి ఈయనను నిలదీస్తే ఎలా?

జగిత్యాలవాసి:
పరభాషల నుంచి విలన్లను ఎందుకు తెస్తున్నారని వేదికలెక్కి గట్టిగా అడిగిన మనిషి అండీ ఆయన. ఇదీ అడగగలిగేవారు.

నేలటికెట్టు:
ఆ లెక్కన ఆయన తమిళ ‘సామి’లో, హిందీ ‘సర్కార్’లో చేయలేదా? (విషయం పక్కకు పోతోంది, ఇక ఆపుతాను.)

పాతరీలు:
జగిత్యాలవాసి గారూ, మెస్సు సంగతి విన్నాక ‘గౌరవమే’ అన్న మాటలో ఆ ‘ఏ’ తీసేస్తున్నాను. మీ ఇంట్లోవాళ్లు కాశయ్యను ఎలా చూసేవారు?

జగిత్యాలవాసి:
అడిగారు కాబట్టి చెబుతాను. మా బాపుకు కాశయ్య అంటే ప్రాణం. టీవీలో ‘ప్రతిఘటన’ వస్తే ఛానెల్ మార్చనిచ్చేవాడు కాదు. “మనవాడే” అనేవాడు. కంకిపాడు అని ఎన్నిసార్లు చెప్పినా నమ్మలేదు.