వకీలు చేతిలో టేబుల్ టెన్నిస్ పగ్గాలు: థామస్ వైకర్ట్ వల్ల ఆటకు మేలు జరిగిందా?

పాతబంతి:
జర్మనీలో న్యాయవాదిగా పనిచేస్తూ టేబుల్ టెన్నిస్ పాలనలోకి వచ్చిన వ్యక్తి థామస్ వైకర్ట్. 2005లో జర్మన్ టేబుల్ టెన్నిస్ సంఘం అధ్యక్షుడయ్యారు. 2014లో అప్పటి అధ్యక్షుడు షరారా తప్పుకున్నాక అంతర్జాతీయ టేబుల్ టెన్నిస్ సమాఖ్య అధ్యక్ష పదవి ఆయనకు దక్కింది. 2017లో డ్యూసెల్డార్ఫ్‌లో జరిగిన ఎన్నికలో గెలిచి 2021 దాకా ఉన్నారు. ఆ ఏడాది చివర జర్మనీ ఒలింపిక్ క్రీడా సమాఖ్యకే అధ్యక్షుడయ్యారు. రెండు వందలకు పైగా సభ్య సంఘాలున్న సంస్థను నడపడానికి బంతిని తిప్పడం తెలిస్తే చాలదని, ఒప్పందం చదవడం, నియమావళి రాయడం తెలిసినవారే కావాలని నా నమ్మకం. మీరేమంటారు?

ఎడమచేతివాటం:
ఒప్పుకోను. 2017లో ఆయన ఓడించింది ఎవరిని? బెల్జియం ఆటగాడు జాన్ మిషెల్ సైవ్‌ను. 1994లో ప్రపంచ నంబర్ వన్, ఏడు ఒలింపిక్స్ ఆడిన మనిషి. 2021లో జర్మనీలో ఓడించింది ఎవరిని? కత్తియుద్ధంలో ప్రపంచ విజేత అయిన క్లౌడియా బోకెల్‌ను. రెండుసార్లూ ఆటలో చెమటోడ్చినవారు ఓడారు, ఫైళ్లు మోసినవారు గెలిచారు. ఓటు వేసేది సంఘాల ప్రతినిధులు, ఆటగాళ్లు కాదు. పదిహేనేళ్లు రాష్ట్ర స్థాయిలో ఆడాను. ఆటగాడి కష్టం ఆటగాడికే తెలుస్తుంది.

రెండోసర్వీసు:
అధ్యక్షుడు ఎవరైతే ఏమిటి? మా ఊళ్లో బల్లే లేదు.

అమ్మాయి_నాన్న:
పాతబంతి గారూ, వకీలు ఉంటే నియమం నిలబడుతుందని మీరు అనుకుంటున్నారు. 2018 మే నెల, స్వీడన్‌లోని హాల్మ్‌స్టాడ్ సంగతి చెప్పండి. ప్రపంచ జట్ల పోటీల మహిళల క్వార్టర్ ఫైనల్‌లో ఉత్తర కొరియా, దక్షిణ కొరియా తలపడాలి. మ్యాచ్ ఆడలేదు. రెండు జట్లనూ అప్పటికప్పుడు కలిపేసి నేరుగా సెమీస్‌కు పంపారు, పతకాలు ఖాయం చేశారు. అధ్యక్షుడు ఎవరు? ఈ వకీలే. పోటీ మధ్యలో డ్రా, అంటే ఎవరు ఎవరితో ఆడాలన్న పట్టిక, మార్చడానికి ఏ నియమం అనుమతించింది?

ఎడమచేతివాటం:
ఆయన పదవీకాలంలో నేను మెచ్చుకునే పని అదొక్కటే! దానికి వారం ముందే రెండు కొరియాల నాయకులు సరిహద్దులోని పన్‌మున్‌జోమ్‌లో కలిశారు. ఏడు దశాబ్దాలుగా విడిపోయి ఉన్న ప్రజల ఆడపిల్లలు ఒకే జట్టుగా నిలబడితే, ఆ రోజు కూడా నియమాల పుస్తకం తెరవాలా? ఇంతకీ ఈ దారి చూపింది ఆటగాడే. 1991లో జపాన్‌లోని చిబాలో జరిగిన ప్రపంచ పోటీల్లో రెండు కొరియాలు ఒకే జట్టుగా ఆడి మహిళల ఫైనల్‌లో చైనాను ఓడించాయి. అందుకోసం దేశదేశాలు తిరిగినవాడు అంతర్జాతీయ సమాఖ్య అప్పటి అధ్యక్షుడు, జపాన్ ఆటగాడు ఇచిరో ఒగిమురా. 1954లో, 1956లో సింగిల్స్ ప్రపంచ విజేత.

అమ్మాయి_నాన్న:
మీరే నా వాదన చెప్పారు. ఒగిమురా ముందే మాట్లాడి ఒప్పించారు. చిబాలో ఆ జట్టు మొదటి మ్యాచ్ నుంచీ ఒకే జట్టు. అందరికీ ముందే తెలుసు. హాల్మ్‌స్టాడ్‌లో జపాన్ అమ్మాయిలు ఒక డ్రా చూసుకుని వచ్చారు, సెమీస్‌లో వేరే జట్టు ఎదురైంది. రెండింటినీ ఒకే గాట కట్టవద్దు.

ఎడమచేతివాటం:
జపాన్ 3-0తో గెలిచింది కదా! ఎవరికి నష్టం?

అమ్మాయి_నాన్న:
గెలిచారు కాబట్టి అన్యాయం జరగలేదంటారా? ఓడి ఉంటే ఏమనేవారు?

పాతబంతి:
సమాఖ్య పాలక మండలి ఆమోదంతోనే చేశారు. ఆయన ఒక్కడి నిర్ణయం కాదు.

అమ్మాయి_నాన్న:
మండలి ఆమోదిస్తే నియమం మారిపోతుందా? నియమం మార్చడం వేరు, పక్కన పెట్టడం వేరు. వకీలుకు ఈ తేడా తెలియదా?

నెట్‌కార్డు:
మీరు ఒక్క మ్యాచ్ పట్టుకుని కూర్చున్నారు. ఆయన హయాంలోనే టోర్నీలు నడిపే డబ్ల్యూటీటీ (వరల్డ్ టేబుల్ టెన్నిస్) అనే వాణిజ్య సంస్థ పుట్టింది. తప్పనిసరి టోర్నీలకు రాకపోతే జరిమానాలు వేయడం చూసి, పారిస్ ఒలింపిక్స్ సింగిల్స్ విజేతలు ఫాన్ జెండాంగ్, చెన్ మెంగ్ 2024 డిసెంబరులో ర్యాంకింగ్‌ల నుంచే తప్పుకున్నారు. మన హైదరాబాద్ అమ్మాయి ఆకుల శ్రీజకు 2024 జూన్‌లో లాగోస్‌లో సింగిల్స్ టైటిల్ వచ్చింది కూడా ఈ సర్క్యూట్‌లోనే అని నాకు గుర్తుంది, సంతోషించాను. కానీ డబ్బు ఎటు, ఆట ఎటు అన్నది తేలాలి. 2025 మేలో దోహాలో అంతర్జాతీయ సమాఖ్య అధ్యక్ష ఎన్నిక 104-102 ఓట్లతో ముగిసి, ఆన్‌లైన్ ఓట్ల మీద గొడవ జరిగి సమావేశమే ఆగిపోయింది. మాట్లాడవలసింది దీని గురించి.

ఎడమచేతివాటం:
అమ్మాయి నాన్న గారూ, మీకు ఈ పట్టుదల ఎందుకో అర్థం కావడం లేదు. శాంతికి ఒక అవకాశం వస్తే డ్రా కాగితం పట్టుకుని అడ్డం పడతారా?

అమ్మాయి_నాన్న:
ఎందుకో చెబుతాను. మా అమ్మాయి జిల్లా సెలక్షన్‌లో మూడో స్థానంలో నిలిచింది. జట్టులో నలుగురికి చోటు. జాబితా వచ్చింది, తన పేరు లేదు. సెలక్షన్‌కే రాని అమ్మాయి పేరు ఉంది. అడిగితే సంఘంలో ఒకాయన చెప్పిన మాట "ప్రత్యేక పరిస్థితి". అప్పటికి తనకు పదమూడేళ్లు. ఆ తరువాత బ్యాట్ ముట్టలేదు. నియమం పక్కన పెట్టిన ప్రతిసారీ ఎవరో ఒకరి చోటు పోతుంది. అది ఎంత గొప్ప కారణమైనా సరే.

ఎడమచేతివాటం:
బాధగా ఉంది. కానీ జిల్లా రాజకీయానికీ కొరియాల కలయికకూ ముడిపెట్టడం న్యాయం కాదు. మీ ఇంటి కోపం ఇక్కడ చూపిస్తున్నారు.

అమ్మాయి_నాన్న:
నా ఇంటి కోపమా? పదిహేనేళ్లు ఆడానని గొప్పగా చెప్పుకున్నది మీరు. ఆడినవాడికే కష్టం తెలుస్తుందన్నది మీరు. మా అమ్మాయీ ఆడింది. తన కష్టం మీకు ఎందుకు తెలియలేదు?

నిర్వాహకుడు:
ఇద్దరూ వ్యక్తిగత మాటలు ఆపండి. లేకపోతే చర్చ మూసివేయవలసి వస్తుంది.

ఎడమచేతివాటం:
మూయకండి, ఒక మాట చెప్పి వెళ్తాను. నాకు నియమం అంటే ఎందుకు పడదో ఆయనకు తెలియాలి. అమ్మకు ఆపరేషన్ ఉండి నేను శిక్షణ క్యాంపుకు నాలుగు రోజులు ఆలస్యంగా వెళ్లాను. క్యాంపులో మొదటి రోజు నుంచీ లేనివారు జట్టులో ఉండరాదని ఒక అధికారి నియమం చదివి వినిపించారు. ఆసుపత్రి కాగితాలు చూడలేదు. అంతే, నా ఆట అక్కడ ఆగింది. 2021లో జాతీయ క్యాంపు తప్పనిసరి అన్న నియమం మీద భారత క్రీడాకారిణి మణికా బాత్రా ఢిల్లీ హైకోర్టుకు వెళ్లింది. కోర్టు దాన్ని నిలిపివేసింది. ఆ వార్త చదివి ఆ రాత్రి నిద్రపోలేదు. మీ అమ్మాయిని నియమం లేకపోవడం దెబ్బతీసింది. నన్ను నియమమే దెబ్బతీసింది. సైవ్ లాంటివాడు కావాలని నేను అడిగేది ఆసుపత్రి కాగితం చూసే మనిషి కోసం.

పాతబంతి:
ఆ కేసు అక్కడితో ఆగలేదు. 2022 ఫిబ్రవరిలో కోర్టు భారత సమాఖ్య కార్యవర్గాన్నే పక్కన పెట్టి, విశ్రాంత న్యాయమూర్తి గీతా మిట్టల్ నాయకత్వంలో పాలకుల కమిటీని వేసింది. ఆటగాళ్లకు దారి దొరికింది న్యాయం చదివినవారి దగ్గరే. నేను వైకర్ట్ గురించి ఈ చర్చ మొదలుపెట్టింది అందుకే.

ఎడమచేతివాటం:
కోర్టుకు వెళ్లగలిగిన ఆటగాళ్లకు దొరికింది. జిల్లాలో ఆడేవాడు హైకోర్టు వకీలును ఎలా పెట్టుకుంటాడు?

అమ్మాయి_నాన్న:
మీ అమ్మగారి సంగతి నాకు తెలియదు. ఇంటి కోపం అన్నందుకు నేనూ మాట తూలాను. ఒకటి అడుగుతాను. ఆ క్యాంపు నియమం కాగితం మీద మీకు ఇచ్చారా?

ఎడమచేతివాటం:
లేదు. ఆయన చేతిలో ఉంది, చదివారు. నకలు అడిగితే తరువాత ఇస్తామన్నారు.

అమ్మాయి_నాన్న:
నాకూ ఇవ్వలేదు. మూడు ఉత్తరాలు రాశాను. ప్రత్యేక పరిస్థితి ఏమిటో ఎక్కడ రాసి ఉందో చూపించమన్నాను. జవాబు రాలేదు. హాల్మ్‌స్టాడ్ విషయంలో మాత్రం నా మాట మార్చుకోను.

ఎడమచేతివాటం:
నేనూ మార్చుకోను. ఆ ఉత్తరాల నకళ్లు మీ దగ్గర ఉంటే దాచండి. అమ్మాయి ఇప్పుడు ఏం చదువుతోంది?

అమ్మాయి_నాన్న:
ఇంటర్మీడియట్. బ్యాట్ అలమరలోనే ఉంది.