వీధిలో పాడేవాడు సినిమాలోనూ వీధిలో పాడితే దాన్ని నటన అంటామా?

కృష్ణలంక కుర్రాడు:
నిన్న రాత్రి ఐర్లండ్ సినిమా 'వన్స్' మళ్లీ చూశాను. గ్లెన్ హాన్సర్డ్ గొంతంటే నాకూ ప్రాణమే. కానీ 13 ఏళ్లకే బడి మానేసి డబ్లిన్ వీధుల్లో గిటార్ వాయించిన మనిషి, సినిమాలోనూ అదే డబ్లిన్ వీధిలో గిటార్ వాయిస్తే అందులో నటన ఏముంది? పాటకు 2008లో ఆస్కార్ వచ్చింది, న్యాయమే. గొప్ప నటుడని మాత్రం అనొద్దు.

పాటల పిచ్చి:
అన్నా, ఆ సినిమా తీసేనాటికి హాన్సర్డ్ వీధిలో లేడు. 1990లో పెట్టిన 'ది ఫ్రేమ్స్' బ్యాండ్‌తో ఐర్లండ్‌లో పేరున్న గాయకుడు. మరి సినిమాలో ఎవరు? నాన్న షాపులో వ్యాక్యూమ్ క్లీనర్లు బాగుచేస్తూ, ప్రేమించిన పిల్ల దూరమైతే రోడ్డు మీద పాడుకునే ఒక అనామకుడు. పేరొచ్చిన మనిషి పేరు రానివాడిలా నిలబడటం నటన కాకపోతే ఇంకేంటి?

మొదట ఆ పాత్రకు కిలియన్ మర్ఫీని అనుకున్నారు. ఆయన తప్పుకున్నాక, పాటలు రాస్తున్న హాన్సర్డ్‌నే దర్శకుడు జాన్ కార్నీ కెమెరా ముందుకు తెచ్చాడు. మర్ఫీ చాలా మంచి నటుడే. అయినా మొదటి సీన్ చూడు. చిల్లర పడిన గిటార్ పెట్టె చుట్టూ మత్తులో ఉన్న ఒకడు తచ్చాడుతుంటాడు. ఈయన నోట పాట నడుస్తూనే ఉంటుంది, కన్ను మాత్రం పెట్టె మీదే. నా చిన్నప్పుడు విజయవాడ ప్యాసింజర్‌లో వేళ్ల మధ్య రెండు పలకలు టకటకలాడిస్తూ పాడే ఒకాయన ఎక్కేవాడు. ఎవరి చెయ్యి జేబులోకి వెళ్తోందో చూసుకుంటూనే చరణం అందుకునేవాడు, శ్రుతి తప్పేది కాదు. ఆ చూపు నటన నేర్పే బళ్లో రాదు.

ఇంకొకటి. సొంత పాటలు పగలెందుకు పాడవని వీధిలో పరిచయమైన అమ్మాయి అడుగుతుంది. పగలు జనానికి తెలిసిన పాటలే కావాలి, లేకపోతే డబ్బులు పడవంటాడు. కూరగాయల ధర చెప్పినంత మామూలుగా అంటాడు. నాకు మాత్రం గుండె పట్టేసింది.

గోదారి గట్టు:
ఆ గిటార్ చూశారా? ఏళ్ల తరబడి వాయించీ వాయించీ చెక్క అరిగి రెండో చిల్లు పడింది. అది ఆయన సొంత గిటారే. వేరే నటుడి చేతికిస్తే అరువు తెచ్చినట్టే ఉండేది. సినిమా కూడా 17 రోజుల్లో, వీధి సీన్లు దూరం నుంచి లాంగ్ లెన్స్ పెట్టి, దారినపోయేవాళ్లకు షూటింగ్ అని తెలియకుండా తీశారు. నటన అనండి, ఒప్పుకుంటా. అందులో సగం ఆ అరిగిన చెక్కది.

కృష్ణలంక కుర్రాడు:
బ్యాండ్ సంగతి తమ్ముడు చెప్పాక నా మాట కొంత వెనక్కి తీసుకుంటున్నా. పియానో ఉన్న షాపులో ఇద్దరూ తొలిసారి కలిసి పాడే సీన్ గుర్తొచ్చింది. హాన్సర్డ్, ఆ అమ్మాయిగా చేసిన మార్కెటా ఇర్గ్లోవా సినిమాకు ముందే కలిసి పాడినవాళ్లు. అయినా ఆమె పాట పట్టుకుంటుందా లేదా అని ఆయన పక్కకు చూసే చూపులో ఆ పరిచయం కనబడదు. ఈ రాత్రి ఆ ఒక్క సీనూ మళ్లీ చూస్తాను.